అమ్మ పిలిచిన పొద్దు

మన ఇల్లు,
మంగళవారం, భోజనాలయ్యాక.

చిరంజీవి పిట్టకు,

నాన్న దీవించి రాసేది. ఇక్కడ మీ అమ్మా నేనూ ఉన్నాం. అక్కడ నువ్వూ, అల్లుడుగారూ, మనవరాలూ వెచ్చగా ఉన్నారని తలుస్తాను. లోకమంతా పిల్లల్ని చల్లగా ఉండమని దీవిస్తుంది, మన వీధివాళ్ళం మాత్రం వెచ్చగా ఉండమంటాం. నీ పెళ్ళిలో మీ అత్తగారు ఆ దీవెన విని, ఇదేం శాపనార్థమో అని బిత్తరపోయి చూసిన చూపు నాకింకా కళ్ళకు కట్టినట్టే ఉంది. ఉత్తరంలో ముందు యోగక్షేమాలు, ఆ తరవాతే సంగతులు అని చిన్నప్పుడు పంతులుగారు చెవి మెలిపెట్టి నేర్పారు. చదివిన నాలుగు తరగతుల్లో నాకు మిగిలింది అదొక్కటే. ఆ ముక్క అయిపోయింది. ఇక ఆగడం నా వల్ల కాదు.

పిట్టా, ఇవాళ పొద్దున మీ అమ్మ పిలిచింది!

తప్పు చదివానేమో అనుకుంటావని మళ్ళీ రాస్తున్నాను. మీ అమ్మ స్నానాల ఇంట్లో, మొదటి తొట్టి గట్టు మీద, మోచెయ్యి నీళ్ళలో ముంచి తీసి, నీళ్ళు మేలుకున్నాయ్, రండమ్మా రండి అని పిలిచింది. ఆ గొంతు వీధి చివరిదాకా వెళ్ళింది. తలుపులు తెరిచారు. జనం లోపలికొచ్చారు. నాకు కాళ్ళు నేల మీద నిలవడం లేదు. ఈ వయసులో గంతులేస్తే మోకాలి చిప్పలు ఊడి బజారున పడతాయని భయపడి కూర్చుని రాస్తున్నాను గానీ, లేకపోతే మీ ఊరిదాకా ఎగిరొచ్చి నీ గుమ్మంలో చెప్పేవాణ్ణి.

అమ్మ కిటికీ పక్క మంచం మీద పడుకుని ఉంది. ఒక్కో వాక్యం రాయగానే పైకి చదివి వినిపించాలట. తనకు చదవడం రాదు గానీ తప్పులు పట్టడంలో మా పంతుల్ని మించిపోయింది. వీధి చివరిదాకా అని రాశావా, అంత లేదు, కోతలు కోయకు అంటోంది. సరే, పోస్టాఫీసు మలుపుదాకా అని దిద్దుకో.

నువ్వు పొద్దున్నే లేచి నీ ఆసుపత్రికి పరుగెత్తే మనిషివి. కాళ్ళూ చేతులూ పడిపోయినవాళ్ళ చేత మళ్ళీ వాటిని ఆడించే పని. ఆ హడావుడిలో ఇక్కడి సంగతులు మరిచిపోయి ఉంటావు. మనవరాలికి ఎవరు చెబుతారు? అందుకే మొదటినుంచి రాస్తాను. నాన్న సోది మొదలుపెట్టాడని విసుక్కోకుండా దానికి చదివి వినిపించు.

మన వీధి ఎలా పుట్టిందంటే, ఒక బట్టలుతికే ఆవిడ చేసిన చెడ్డ ఉతుకు వల్ల పుట్టింది. ఆవిడ కొండ పాదాన పొగలు కక్కుతున్న నీళ్ళు చూసి, కట్టెల ఖర్చు లేకుండా వేడినీళ్ళు దొరికాయి కదా అని ఊరందరి బట్టలూ తెచ్చి అందులో జాడించింది. తెల్లవన్నీ తుప్పు పట్టిన రేకులా పచ్చబడ్డాయి. ఊరు ఊరంతా మీద పడి తిట్టింది. తిట్టేవాళ్ళకు దణ్ణం పెడదామని చేతులెత్తితే, ఏళ్ళ తరబడి కొంకర్లు పోయి ఉన్న వేళ్ళు చక్కగా చాపుకున్నాయట. తిట్లు ఆగిపోయాయి. మర్నాడు తిట్టినవాళ్ళే వాళ్ళ ముసలాళ్ళను మోసుకుని వచ్చారు. మనం ఆ పచ్చ బట్టలావిడ పిల్లలం. ఈనాటికీ మన తువ్వాళ్ళలో తెల్లది ఒక్కటి లేదు.

నీళ్ళు అందరికీ నయం చేశాయని నేను చెప్పను. నయమైనవాళ్ళు చేతికర్ర గోడకు తగిలించి వెళ్ళారు, కానివాళ్ళు కర్రతోనే వెళ్ళారు. కానీ వాళ్ళూ నవ్వుకుంటూనే వెళ్ళారు. మీ అమ్మ ఒకమాట అనేది, గుర్తుందా? నీళ్ళు నొప్పిని పోగొట్టవు, చంటిపిల్లను చంకనేసుకున్నట్టు కాసేపు ఎత్తుకుంటాయి, తల్లికి ఆ కాసేపు చేతులు ఖాళీ అవుతాయి, అదే చాలు అని. అందుకే నీళ్ళలో ఉన్నవాణ్ణి జబ్బేమిటని అడగకూడదు, తగ్గిందా అని అసలే అడగకూడదు. నీళ్ళు పలుకుతున్నాయా అని మాత్రమే అడగాలి. నేను ఇన్నేళ్ళు మనుషుల్ని దించే కుర్చీలో కూర్చోబెట్టి నీళ్ళలోకి దించాను. ఎందరి నడుములు పట్టుకున్నానో గానీ ఒక్కరినీ జబ్బు పేరు అడిగిన పాపాన పోలేదు.

మనవరాలికి పిలుపు సంగతి కూడా చెప్పు. తెల్లారగానే పిలుపమ్మ ఒక్కతే లోపలికి వెళ్ళి, మొదటి తొట్టిలో మోచెయ్యి ముంచి చూడాలి. అరచెయ్యి పనికిరాదు. పని చేసి చేసి కాయకట్టిన చెయ్యి ఏమైనా చెబుతుంది. మోచెయ్యి అలా కాదు, చంటిబిడ్డ బుగ్గలాంటిది. నీళ్ళు సరిగా ఉంటే, మేలుకున్నాయ్ అని పిలుస్తుంది. అప్పుడే తలుపులు తీస్తారు. పిలుపు లేకపోతే రాజు వచ్చినా మెట్ల మీద కూర్చోవలసిందే. వెనకెప్పుడో ఒక పిలుపమ్మ చలికి బద్ధకించి, నీళ్ళు ముట్టుకోకుండానే దుప్పట్లోంచి పిలిచిందట. ఆ రోజు నీళ్ళు వేడెక్కలేదు. బాలింత ఒకామె ఆ పిలుపు నమ్మి దిగి, చలి కమ్మి, మళ్ళీ లేవలేదు. అప్పటినుంచి మన వీధిలో ఒట్టు. దేని మీదైనా అబద్ధమాడు, నీళ్ళ మీద ఆడకు, ఆడితే నోరు ఉప్పైపోతుంది అని. మీ అమ్మ నన్ను పెళ్ళిచూపుల్లో వయసు విషయంలో మోసం చేసింది, నా జీతం పొట్లాల్లోంచి చిల్లర దొంగిలించింది, నువ్వు పరీక్ష తప్పితే నాకు చెప్పకుండా దాచింది. నీళ్ళ మీద మాత్రం ఒక్కనాడూ ఆడలేదు.

వయసు ముక్క కొట్టెయ్యమంటోంది. కొట్టెయ్యను.

ఇక నీళ్ళ నిద్ర సంగతి. నువ్వు కాపురానికి వెళ్ళాక ఒక రోజు భూమి ఒళ్ళు విరుచుకుంది, అంతే. గూట్లో గ్లాసులు గలగలమన్నాయి, గోడ మీద అద్దం పక్కకు ఒరిగింది. ఎవరికీ గీత కూడా పడలేదు, బతికిపోయాం అని నవ్వుకున్నాం. ఆ తరవాతే నీళ్ళు నెమ్మది నెమ్మదిగా నిద్రలోకి జారుకున్నాయి. లోపల ఎక్కడో దారి మూసుకుపోయిందన్నారు చూసినవాళ్ళు. ఒకనాడు మీ అమ్మ లోపలికి వెళ్ళి, పిలవకుండా బయటికి వచ్చి, చెయ్యి తుడుచుకుంటూ నా పక్కనుంచి ఇంటికి నడిచిపోయింది. మర్నాడూ అంతే. ఆ మర్నాడూ అంతే.

నీళ్ళు పోతే పోయాయి, ఆవిరి పోవడం ఉంది చూడు, అది నన్ను చంపేసింది. నువ్వు చిన్నప్పుడు ఆ ఆవిర్లో దూరి కనపడకుండా పోతే, కూ అనే నీ గొంతు పట్టుకుని వెతుక్కునేవాళ్ళం. అందుకే కదా నీకు పిట్ట అని పేరు. ఆవిరిలో ఆ గదికి అవతలి ఒడ్డు లేనట్టుండేది. ఇప్పుడు చూస్తే ఎంత చిన్న గదమ్మా అది! అవతలి గోడ పెచ్చులూడి కనిపిస్తోంది. పక్కవాడి ముడతలు కనిపిస్తున్నాయి. ఇన్నేళ్ళూ ఇందులోనా మేము తిరిగింది అనిపించింది. బస గదులన్నిటికీ తాళాలు పడ్డాయి. పడుచువాళ్ళు తలో దారీ పట్టారు. మిగిలినవాళ్ళం ముసలి కంకులం. అయినా పొద్దున్నే తువ్వాలు భుజాన వేసుకుని ఆ మెట్ల మీద వరసగా కూర్చోవడం ఎవరూ మానలేదు. పిలుపు రాదని తెలుసు. వచ్చిన నాడు మనం లేకపోతే ఎలా అని కూర్చునేవాళ్ళు. కూర్చుని, ఎండ ఎక్కాక లేచి వెళ్ళిపోయేవాళ్ళు. గోడ మీద కర్రలు దించి పొయ్యిలో పెట్టుకున్నవాళ్ళు కూడా ఉన్నారు.

ఇలాంటివి రాయకు, పిట్ట బెంగ పెట్టుకుంటుంది అంటోంది మీ అమ్మ. నిజమే. ఇవాళ ఏడుపు రోజు కాదు.

ఆఫీసు మనిషి ఉన్నాడు కదా, తాళంచెవుల గుత్తితో తిరుగుతాడు, మనం గొళ్ళెం అంటాం. మొన్న వచ్చి, మంగళవారంలోగా పిలుపు రాకపోతే తలుపులు మూసెయ్యమని పైనుంచి ఆజ్ఞ వచ్చిందన్నాడు. క్షవరాలు చేసే మన కత్తెర మావయ్య, మూసేముందు నా కర్ర నాకిచ్చెయ్యి, ముప్పై ఏళ్ళ కింద ఆ గోడకు తగిలించాను, ఇప్పుడు మళ్ళీ పనిపడింది అన్నాడు. గొళ్ళెం తల వంచుకుని వెళ్ళిపోయాడు. మంచివాడే పాపం, ఇనుము కాదు.

ఇవాళ మంగళవారం. తెల్లారుతూనే మీ అమ్మ నన్ను లేపి, నన్ను తీసుకెళ్ళు అంది. కాస్త నలతగా ఉందని పోయిన ఉత్తరంలో రాశాను కదా, నడిచే ఓపిక లేదు. దించే కుర్చీ తెప్పించి అందులో కూర్చోబెట్టాం. ఎందరినో నీళ్ళలోకి దించిన కుర్చీ, మీ అమ్మ ఏనాడూ దాని మొహం చూడలేదు. ఒక పక్క నేను, ఒక పక్క కత్తెర మావయ్య పట్టుకున్నాం. చూడరా బావా, పెళ్ళినాడు ఎక్కని పల్లకీ ఇవాళ ఎక్కింది మీ ఆవిడ, మోసేవాళ్ళకే దిక్కులేదు అన్నాడు వాడు. నోరు మూసుకుని సరిగా మొయ్యి, నీ వైపే ఒరుగుతోంది, చిన్నప్పుడు నువ్వు చేసే క్షవరం కూడా ఇలాగే ఒరిగేది అంది మీ అమ్మ. ఎన్నాళ్ళకు విన్నానమ్మా ఆ దెప్పుడు! నాకు కళ్ళు మసకబారి ఒక మెట్టు తప్పాను కూడా.

మెట్ల మీద అందరూ కూర్చునే ఉన్నారు. ఉప్పు పెద్దమ్మ ఉంది, గట్ల మీద పేరుకున్న ఉప్పు గీకి పొట్లాలు కట్టి అమ్మేది, ఇప్పుడు గీకడానికి ఉప్పూ లేదు, అయినా గరిట కొంగున దోపుకునే వస్తుంది. తువ్వాళ్ళు కుట్టే అత్త ఉంది. మేం లోపలికి వెళుతుంటే అందరూ లేచి నిలబడ్డారు.

మీ అమ్మ గట్టు మీదకు వంగింది. కుడిచేతిలో తువ్వాలు ఉంది కదా, ఎన్నడూ లేనిది ఎడమ మోచెయ్యి ముంచింది. కళ్ళు మూసుకుంది. ఎంతసేపు ఉంచిందో! నేను ఊపిరి పీల్చానో లేదో నాకు తెలీదు. అప్పుడు తల పైకెత్తి పిలిచింది. పిట్టా, ఆ పిలుపు! గొంతు జీరగా ఉంది, మధ్యలో కొంచెం చీలింది, అయినా అది మన పిలుపు. గోడలకు కొట్టుకుని మూడు తొట్లలోంచీ తిరిగొచ్చింది.

గొళ్ళెం తన గాజుపుల్ల పట్టుకుని అక్కడే ఉన్నాడు, నీళ్ళ వేడి చూసేది. అందులో ముంచి తీశాడు. ఏం బాబూ, నీ పుల్ల ఏమంటోంది అని అడిగింది అమ్మ. అతను దాన్ని చూశాడు. విదిలించాడు. మళ్ళీ చూశాడు. తరవాత జేబులో పెట్టేసుకుని, ఇది పాడైపోయింది పిన్నిగారూ, మీరు చెప్పిందే లెక్క అన్నాడు. విన్నావా! ఇన్నేళ్ళూ ఆ పుల్లను మా మొహం మీద ఊపినవాడు! వెళ్ళి తన చేత్తో తానే రెండు తలుపులూ బార్లా తెరిచాడు.

ఇక చూడు, సంబరం! నేను పంచె ఎగ్గట్టి, తొట్టిలో మోకాళ్ళ దాకా నిలబడి, ఒక్కొక్కరినీ చెయ్యి పట్టి దించాను. కత్తెర మావయ్య ముందుగా దిగాడు. దిగడంతోనే పళ్ళు టకటకలాడించాడు. ఏమిరా అంటే, వేడికి రా బావా, తట్టుకోలేక ఒణుకుతున్నాను అన్నాడు. ఉప్పు పెద్దమ్మ పాత రోజుల్లోలాగే గొణిగింది, మరీ ఇంత మరిగిస్తే ఎలా, ముసలి తోలు ఊడొచ్చేట్టుంది, కాస్త చల్లార్చలేకపోయారా అని. కుట్టుపని అత్త పెదాలు నీలంగా చేసుకుని, అమ్మ వైపు చూసి నవ్వుతూ ఉంది. నేను పద్ధతి ప్రకారం ఒక్కొక్కరినీ అడిగాను, నీళ్ళు పలుకుతున్నాయా అని. పలుకుతున్నాయి, పలుకుతున్నాయి అన్నారు అందరూ. అమ్మ కుర్చీలో కూర్చుని, ఎవరి కొంగు తడుస్తోందో, ఎవరు ఏ తొట్టిలోకి వెళ్ళాలో చెబుతూ పెత్తనం చేసింది. నవ్వింది, పిట్టా. పొట్ట పట్టుకుని నవ్వింది. ఆ నవ్వు చూడాలని నా కళ్ళు కాయలు కాశాయి. ఇక నాకేం కావాలి? ఏనుగెక్కించినా ఇంత ఉండదు.

అన్నట్టు, నువ్వు కాపురానికి వెళ్ళిన కొత్తలో ఒక ఉత్తరం రాశావు, ఇక్కడ స్నానానికి రోజూ పొయ్యి మీద కాగు పెట్టి నీళ్ళు కాచుకోవాలి నాన్నా అని. ఆ రోజు వీధి వీధంతా పడీపడీ నవ్వింది. అయ్యో పాపం, మా పిట్టను ఎలాంటి ఇంట్లో ఇచ్చాం, నీళ్ళను కూడా వండుకుంటారట అని మీ అమ్మ అందరికీ చెప్పుకుని తిరిగింది. ఇవాళ కుర్చీలో కూర్చుని ఆ మాటే గుర్తు చేసి అందర్నీ మళ్ళీ నవ్వించింది. ఉప్పు పెద్దమ్మ నవ్వలేక తల ముంచేసింది.

మీ దగ్గరకు వచ్చెయ్యమని రాశావు. అమ్మ చెప్పమంటోంది, మేమెందుకు వస్తాం, నీళ్ళను వదిలి పిలుపమ్మ ఎక్కడికి పోతుంది, నువ్వే రా అని. ఏదో ముంచుకొచ్చిందని కాదు, సెలవు దొరికినప్పుడు, తీరుబడిగా, మనవరాలిని తీసుకుని రా. ఆసుపత్రి బండీ గిండీ తీసుకొచ్చి నన్నెక్కించుకుపోదామని చూస్తే ఊరుకోను అని కూడా రాయమంటోంది. రాశాను.

స్నానాల ఇంటివైపునుంచి సుత్తి చప్పుడు వినిపిస్తోంది. కూర్చునే బల్లలు బాగుచేస్తున్నారని అమ్మకు చెప్పాను. గట్టిగా కొట్టమను, పోయినసారి మేకులు పైకి లేచి చీరలు చింపాయి అంటోంది.

ఈ మూల పచ్చటి మరక కనిపిస్తోంది చూడు, అది సిరా కాదు. అమ్మ బొటనవేలు. వచ్చేటప్పుడు చెంబుతో తెచ్చిన నీళ్ళలో వేలు ముంచి అద్దింది. సంతకం నాకూ వచ్చు అంటోంది. మనవరాలి చేత ఆ మరక మీద వేలు పెట్టించు.

అందరూ వెచ్చగా ఉండండి.

మీ మేలు కోరే,
సంతోషం పట్టలేని
నాన్న

తా.క. పోస్టాఫీసు బల్ల దగ్గర నిలబడి ఇది రాస్తున్నాను. దారం కట్టిన కలం, గీకుతుంది, ఓపిక పట్టి చదువుకో. పైన రాసిందంతా అమ్మకు వినిపించిందే. ఇది వినిపించలేదు.

నీళ్ళు మేలుకోలేదమ్మా. మోకాళ్ళ దాకా వాటిలో నిలబడ్డవాణ్ణి, నాకు తెలీదా? చలికి ఎముక పట్టేసింది, ఇప్పటికీ పాదాల్లో స్పర్శ సరిగా లేదు. ఉత్తరం మళ్ళీ మొదటినుంచి చదువు. నీళ్ళు వెచ్చబడ్డాయని నా అంతట నేను ఒక్కచోట కూడా రాయలేదు. అమ్మ పిలిచిందన్నాను, వాళ్ళు అన్నారన్నాను. నీళ్ళ మీద అబద్ధమాడటం నాకూ చేతకాదు.

అమ్మకు చేతనైందని అనుకోకు. అమ్మకు ఉన్నది నలత కాదు, పక్షవాతం. ఎడమవైపు. డాక్టరుగారు సూది తీసుకుని ఎడమచెయ్యంతా పైనుంచి కిందిదాకా గుచ్చుకుంటూ వచ్చారు. అంతా అయ్యాక, ఎప్పుడు మొదలుపెడతారు బాబూ అని అడిగింది. దాని అర్థమేమిటో నీకు నేను చెప్పనక్కర్లేదు, నీ పనే అది. కుడిచెయ్యి నిక్షేపంగా ఉంది. తువ్వాలు నా భుజం మీద పడేస్తే సరిపోయేది. పడెయ్యలేదు. కుడిచేత్తోనే ఎడమచేతిని ఎత్తి, నిద్రపోయే బిడ్డను పక్క మీదికి మార్చినట్టు నీళ్ళలోకి దించింది. ఆ చేతికి ఏమీ తెలీదు. తెలియని చెయ్యి చెబితే అబద్ధం కాదని అనుకుంది కాబోలు. నేను అడగలేదు. ఇన్నేళ్ళ ఒట్టు తప్పకుండా ఆ ముసలివాళ్ళను ఒక్కసారి లోపలికి పిలవడానికి ఆవిడకు దొరికిన దారి అదొక్కటే.

ఏ చెయ్యి పడిపోయిందో అక్కడ అందరికీ తెలుసు, వంతులవారీగా వచ్చి ఆ చేతికి నూనె రాసి వెళుతున్నవాళ్ళే కదా. గొళ్ళేనికీ తెలుసు. అయినా ఒక్కరు వెనక్కి తగ్గలేదు. ఇందాక మలుపులో కత్తెర మావయ్య ఎదురై, బావా, నోరంతా ఉప్పగా ఉందిరా అన్నాడు. మొహం తుడుచుకో, అంతా నోట్లోకే కారుతోంది అన్నాను.

సుత్తి చప్పుడు బల్లలది కాదు. తలుపులకు అడ్డంగా చెక్కలు కొడుతున్నారు, పైవాళ్ళకు ఆ గాజుపుల్ల చెప్పిందే లెక్క. నేను ఇటు వస్తుంటే గొళ్ళెం నన్ను చూసి సుత్తి వెనక్కి దాచుకున్నాడు.

శనివారం అమ్మకు రెండోసారి వచ్చింది. కదిలించవద్దన్నారు డాక్టరుగారు. ఇంకెన్నాళ్ళు అంటే నా భుజం మీద చెయ్యి వేశారు. పిట్టకు చెప్పావంటే ఒట్టే, అది గొట్టాలు తగిలించి నన్ను బతికించాలని చూస్తుంది అని అమ్మ నా చేత మాట తీసుకుంది. ఆ మాట ఇప్పుడు తప్పుతున్నాను. సెలవు దొరికేదాకా ఆగకు. ఈ కాగితం మడిచి జేబులో పెట్టుకుని బయలుదేరు. కానీ ఏడుస్తూ రాకు. నీళ్ళు మేలుకున్నాయట కదే అమ్మా అనుకుంటూ, నవ్వుకుంటూ గుమ్మంలోకి రా. ఆ ఒక్క అబద్ధం నువ్వూ ఆడు, నీ నోటి ఉప్పు నేను కడుగుతాను.

నా సంతోషం మాత్రం అబద్ధం కాదు, తల్లీ. నవ్వింది. నిజంగా నవ్వింది. అది రాసిందంతా నిజం.

ఇంకొక్క సంగతి. మన వీధిలో పోయినవాళ్ళకు ఆఖరి స్నానం మేలుకున్న నీళ్ళతోనే. పిలుపమ్మ మోచెయ్యి చూడందే ఎవరి ఒంటి మీదా చెంబెడు పొయ్యలేదు. మీ అమ్మ ఎందరికి చూసి పంపిందో! ఆవిడకు చూడవలసింది నీ మోచెయ్యే, ఇంకెవరూ లేరు. తొట్టిలో నీళ్ళు నీకు తెలుసు ఎలా ఉన్నాయో. ఆ నీళ్ళు మీ అమ్మ మీద పొయ్యనివ్వను.

అందుకని వచ్చేటప్పుడు మీ ఇంట్లోని ఆ కాగు తీసుకురా. బరువని అల్లుడుగారు అంటే నేను బస్సు దగ్గరికి వచ్చి మోసుకుంటాను. ఇంటింటికీ తిరిగి అడిగాను, వీధి మొత్తంలో ఒక్క కాగు లేదు. పొయ్యి ఎలా పేర్చాలో, ఎంతసేపు ఉంచాలో నువ్వే దగ్గరుండి చూసుకోవాలి. ఇక్కడ ఎవ్వరికీ నీళ్ళు వండడం రాదు.